చిన్న టూల్స్‌కి ఒక చిరునామా

"అన్నయ్యా, ఫోటో 50 కేబీ లోపు, సంతకం 20 కేబీ లోపు ఉండాలంట. ఏదైనా సైట్ చెప్పవా?"

ఉద్యోగాల నోటిఫికేషన్లు పడగానే మా పిన్ని కూతురి నుంచి నాకొచ్చే మెసేజ్ ఇదే. గూగుల్‌లో కొడితే బోలెడు సైట్లు వస్తాయి. పైనున్నవన్నీ ప్రకటనలు. "ఫ్రీ" అని పిలిచి, అంతా అప్‌లోడ్ చేశాక డౌన్‌లోడ్ బటన్ దగ్గర డబ్బులడిగేవి కొన్ని. మన ఫోటో, సంతకం ఎవడి సర్వర్‌లో కూర్చున్నాయో దేవుడికే తెలియాలి.

అడిగినవాళ్లందరికీ లింకులు పంపీ పంపీ విసుగొచ్చి నోట్స్ యాప్‌లో ఒక లిస్టు రాసుకున్నాను. అది పెరిగి పెరిగి, రెండు నెలల క్రితం నేనూ మా రూమ్మేటూ కలిసి దాన్ని ఒక డైరెక్టరీ సైట్‌గా లాంచ్ చేసేశాం. రూల్ ఒక్కటే. ఒకరో ఇద్దరో, మహా అయితే ఒక చిన్న టీమో చేసిన సాఫ్ట్‌వేర్ అయి ఉండాలి, మేం స్వయంగా వాడి చూసి ఉండాలి. మొదటి రోజు 41 టూల్స్ పెట్టాం. ఎంతమంది చూశారంటారా? అందులో సగం మా ఇద్దరి ఫోన్లే లెండి.

ఒక్కడు ఏం చేయగలడు అనుకుంటాం గానీ, ఈ లిస్టు తయారుచేస్తుంటే నాకే ఆశ్చర్యమేసింది. ఫోటోషాప్ కొనలేనివాళ్లు బ్రౌజర్‌లోనే పీఎస్‌డీ ఫైళ్లు తెరుచుకునే ఫోటోపీని ఇవాన్ కుట్స్‌కిర్ అనే ఒకే ఒక్క డెవలపర్ మొదలుపెట్టాడు. ఇర్ఫాన్‌వ్యూ 1996 నుంచి ఉంది, అంటే నాకంటే పెద్దది. అందులో జేపీజీ సేవ్ చేసేటప్పుడు "ఇన్ని కేబీలు" అని చెప్పేయొచ్చు, ఫోటో మన కంప్యూటర్ దాటి బయటికి పోదు. ఇక మనవాళ్ల లేఖిని. ఇంగ్లిష్ అక్షరాలు కొడితే తెలుగు వచ్చే ఆ పేజీ లేకపోతే ఎన్ని తెలుగు బ్లాగులు పుట్టకుండానే పోయేవో.

లిస్టులు పెట్టడం మేం కనిపెట్టిన విద్యేం కాదు. 1994లో స్టాన్‌ఫర్డ్‌లో చదువుకుంటూ జెర్రీ యాంగ్, డేవిడ్ ఫైలో తమకు నచ్చిన సైట్ల లిస్టు ఒకటి పెట్టారు. అదే తర్వాత యాహూ అయింది. 1998లో మొదలైన డీమాజ్ అనే డైరెక్టరీని వలంటీర్లు చేత్తో ఏరి నడిపారు, 2017లో అది మూతపడింది. యాహూ డైరెక్టరీ అంతకు ముందే, 2014 చివర్లో పోయింది. మన బ్లాగుల రోజుల్లో ఆ పని కూడలి చేసేది.

మూడో వారంలో ఒక కంపెనీ నుంచి మెయిల్ వచ్చింది. తమ టూల్‌ని లిస్టులో అందరికంటే పైన పెడితే నెలకి పదిహేను వేలు ఇస్తారట. మాకు డొమైన్‌కి ఏడాదికి వెయ్యి రూపాయల దాకా అవుతోంది, హోస్టింగ్ ఫ్రీ. నేను వెంటనే వద్దన్నాను. మా వాడు మాత్రం "మామా, స్పాన్సర్డ్ అని రాసి పెడదాం, తప్పేముంది?" అన్నాడు. వాడి ఉద్యోగం పోయి అప్పటికి రెండు నెలలు. ఆ నెల వాడి వంతు అద్దె కూడా నేనే కట్టాను. ఉద్యోగం ఉన్నవాడికి నీతులు చెప్పడం ఈజీ అని ఆ రాత్రి నాకు బాగా తెలిసింది. మెయిల్‌కి జవాబివ్వకుండా పక్కన పెట్టాం.

ఈలోగా అసలు దెబ్బ ఇంకో వైపు నుంచి తగిలింది. మేం పెట్టిన ఒక నోట్స్ యాప్‌ని దాని డెవలపర్ ఎవరికో అమ్మేశాడు. కొత్త అప్‌డేట్ వస్తూనే కాంటాక్ట్స్ పర్మిషన్ అడగడం మొదలెట్టింది. నోట్స్‌కి కాంటాక్ట్స్ ఎందుకు? ఆ విషయం చెప్పింది మా చెల్లే. "నువ్వు పెట్టావు కదా అన్నయ్యా, అందుకే అలౌ కొట్టేశా" అంది. తిట్టినా బాగుండేది.

ఇది కొత్త కథ కాదని నాకు తెలిసి ఉండాల్సింది. వాడని ట్యాబుల్ని నిద్రపుచ్చే గ్రేట్ సస్పెండర్ అనే క్రోమ్ ఎక్స్‌టెన్షన్ 2020లో కొత్త యజమాని చేతికి వెళ్లింది. 2021 ఫిబ్రవరిలో మాల్వేర్ ఉందంటూ గూగుల్ దాన్ని తీసేసింది. వాడుతున్నవాళ్లు అప్పటికి ఇరవై లక్షల పైనే. చిన్న టూల్‌కున్న బలం దాన్ని చేసిన మనిషే, బలహీనతా ఆ మనిషే. అతనికి ఓపిక అయిపోయినా, డబ్బు అవసరం పడినా మనకు ముందుగా కబురు రాదు.

ఆ ఆదివారం ఇద్దరం కూర్చుని 41నీ మళ్లీ తెరిచాం. మూడు లింకులు పనిచేయలేదు. నాలుగింటిని మేమే తీసేశాం. మిగిలిన 34కి పక్కన "చివరిసారి చూసిన తేదీ" అని ఒక గడి పెట్టాం. ఎఫ్-డ్రాయిడ్ వాళ్లు యాప్‌లలోని అవలక్షణాలకు "యాంటీ ఫీచర్స్" అని లేబుల్ వేస్తారు, ఆ ఐడియా కూడా లేపేశాం. మూడు నెలలు దాటి ఎవరం చూడకపోతే ఆ టూల్ దానంతటదే లిస్టులోంచి దిగిపోతుంది.

కంపెనీ మెయిల్‌కి జవాబు మా రూమ్మేటే రాశాడు. లిస్టులో చోటు అమ్మం అన్నాడు. కిందే ఇంకో లైను కలిపాడు, "మీ దగ్గర బ్యాకెండ్ ఓపెనింగ్స్ ఏమైనా ఉన్నాయా?" అని. వచ్చే మంగళవారం వాడికి సెకండ్ రౌండ్.

నాకేమో ఈ వారం తొమ్మిది టూల్స్ చూసే పని పడింది. చెల్లి మళ్లీ మెసేజ్ పెట్టింది. ఈసారి వేలిముద్ర, అది కూడా 20 కేబీ లోపేనట.