పిలుపు మనవాళ్లది, లాభం ఇంకొకరిది

2015 అక్టోబర్ 28న ఢిల్లీ ఐఐటీలో ఫేస్‌బుక్ అధిపతి మార్క్ జుకర్‌బర్గ్ ముఖాముఖి పెట్టాడు. ప్రశ్నలు ముందుగానే పంపమన్నాడు. అన్నింటికంటే ఎక్కువ ఓట్లతో పైకొచ్చిన ప్రశ్న ఏమిటంటే, క్యాండీ క్రష్ ఆడమని వచ్చే ఆహ్వానాలను ఆపేదెలా అని. హాల్లో నవ్వులు. ఆ ప్రశ్న చూసి, ఆ విభాగం చూసే మనిషికి కబురు పెట్టాననీ, ఈ సమావేశం నాటికి ఏదో ఒక దారి చూడమన్నాననీ జుకర్‌బర్గ్ చెప్పాడు. వారం తిరక్కుండానే, ఆ ఆటను తయారుచేసిన కింగ్ కంపెనీని 590 కోట్ల డాలర్లకు కొంటున్నట్టు యాక్టివిజన్ బ్లిజార్డ్ ప్రకటించింది. జనానికి నవ్వులాటగా కనిపించిన ఆహ్వానాల వెనక ఎంత డబ్బుందో ఆ అంకె చెబుతుంది.

పదేళ్లు దాటాయి. మిఠాయి బొమ్మల ఆట పాతబడింది. పిలుపులు మాత్రం ఫేస్‌బుక్ నుంచి వాట్సాప్‌కీ, టెలిగ్రామ్‌కీ ఇల్లు మారాయి. హిందూపురం చింతపండు మార్కెట్లో ధర కోసం తీసిన ఫోన్లో, పెనుకొండ దగ్గర కంపెనీ బస్సు కోసం నిలబడ్డ కుర్రాడి ఫోన్లో, ధర్మవరం మగ్గం పక్కన పెట్టిన ఫోన్లో ఇప్పుడు కనిపించేది వేరే రకం. ఈ లింకు నొక్కు, నా కోడ్ కొట్టు, నీకు కొంత, నాకు కొంత.

ఇది ఎవరో పనిలేక చేస్తున్న అల్లరి అనుకుంటే పొరపాటు. ఆట కట్టడంలోనే ఈ పిలుపు ఉంది. క్యాండీ క్రష్‌లో ఐదు ప్రాణాలిస్తారు. అవి అయిపోతే ఒక్కో ప్రాణం తిరిగి రావడానికి అరగంట ఆగాలి. ఆగలేవా, డబ్బు కట్టు. కట్టలేవా, స్నేహితుణ్ణి అడుగు. అంటే డబ్బు పెట్టలేనివాడు తన పరిచయాలు పెట్టి ఆడతాడు. 2009లో వచ్చిన ఫార్మ్‌విల్ కూడా ఇలాగే పెరిగింది. దాన్ని నడిపిన జింగా ద్వారా 2011లో తన ఆదాయంలో 12 శాతం వచ్చిందని ఫేస్‌బుక్ షేర్ల అమ్మకానికి దాఖలు చేసిన పత్రాల్లో స్వయంగా రాసుకుంది. లోపలికి వదిలినందుకు కాపలావాడికే వాటా ముడుతుంటే తలుపెందుకు వేస్తాడు? అందుకే ఆపే మీట ఎప్పుడూ నాలుగు తెరల వెనకే ఉంటుంది.

ఆ మీటలేవో ముందు చెప్పుకుందాం. ఫోన్లో ఫేస్‌బుక్ తెరిచి, మూడు గీతల మెనూ నుంచి సెట్టింగ్స్‌లోకి వెళ్తే 'యాప్స్ అండ్ వెబ్‌సైట్స్' అని ఉంటుంది. అందులో ఆటల నోటిఫికేషన్లు ఆపేసే వీలుంది. పక్కనే యాప్‌లనూ ఆటలనూ మొత్తంగా ఆపేసే మీట కూడా ఉంటుంది కానీ, దాన్ని నొక్కితే ఫేస్‌బుక్ ఖాతాతో లాగిన్ అయ్యే మిగతా యాప్‌లు కూడా తెరుచుకోవు. కనుక మొదటిది చాలు. అప్‌డేట్ వచ్చినప్పుడల్లా ఇవి చోటు మారుతుంటాయి, అదీ ఒక విద్యే. పైనున్న వెతికే గడిలో పేరు కొట్టడం తేలిక. వాట్సాప్‌లో సెట్టింగ్స్, ప్రైవసీ, గ్రూప్స్ వరుసలో వెళ్లి 'మై కాంటాక్ట్స్' పెట్టుకుంటే ముక్కూమొహం తెలియనివాళ్లు గ్రూపుల్లోకి లాగలేరు. టెలిగ్రామ్‌లోనూ ప్రైవసీ విభాగంలో ఇలాంటిదే ఉంది. అన్నింటికంటే ముఖ్యమైనది, ఫోన్ సెట్టింగ్స్‌లో ప్రతి ఆటకూ 'కాంటాక్ట్స్' అనుమతి తీసేయడం. మనకు పిలుపులు రాకుండా ఆపుకోవడం ఒక ఎత్తు, మన ఫోన్ నుంచి ఊరందరికీ పోకుండా చూసుకోవడం మరో ఎత్తు.

ఈ సలహాలన్నీ నిజమే, ఉపయోగమే. ధర్మవరం వెళ్తే వీటి హద్దు తెలుస్తుంది.

అక్కడ మగ్గం గుంతలో కాళ్లు పెట్టుకుని కూర్చున్న నేతగాడికి ఇవాళ ఫోనే సగం దుకాణం. చీర కోసి దించగానే కొంగు ఒక ఫొటో, అంచు ఒక ఫొటో, బుట్టాలు దగ్గరగా ఇంకో ఫొటో. షావుకారు చేతిలో పెడితే కూలీ మాత్రమే వస్తుంది. నేరుగా బెంగళూరులోనో చెన్నైలోనో కొనేవాళ్లు దొరికితే నాలుగు రూపాయలు మిగులుతాయి. ఆ కొనేవాళ్లు అతనికి తెలిసినవాళ్లు కారు. కొత్త నంబరు నుంచి వచ్చే మెసేజే అతని బేరం. కనుక ఫోన్ మోగగానే ఆడుతున్న నాడె ఆగుతుంది, చేయి తుడుచుకుని చూస్తాడు. క్రికెట్ టీము కట్టు, బోనస్ గెలువు. మళ్లీ పోగు సరిచూసుకుని నేత మొదలుపెట్టాలి. తెలియనివాళ్లను ఆపేసుకో అని నగరంలో ఉద్యోగికి చెప్పినంత సులువుగా ఇతనికి చెప్పలేం. గ్రూపుల సెట్టింగ్ మార్చుకున్నా విడిగా వచ్చే మెసేజ్‌లు ఆగవు, ఆగకూడదు కూడా. చీరలు తిరిగి అమ్మేవాళ్ల గ్రూపుల్లోకి ఎవరో చేరిస్తేనే బేరం పెరిగే మనిషి ఆ సెట్టింగ్ కూడా మార్చుకోవాలా వద్దా అని ఆలోచిస్తాడు.

పెనుకొండ సంగతి ఇంకోలా ఉంటుంది. 1565లో తళ్లికోట యుద్ధం తర్వాత విజయనగర రాజులు వచ్చి తలదాచుకున్న ఈ ఊరికి, 2019లో పక్కనే ఎర్రమంచిలో కియా కార్ల ఉత్పత్తి మొదలయ్యాక ఎక్కడెక్కడి కుర్రాళ్లో వచ్చి చేరారు. ఒకే గదిలో నలుగురు, ఒకే షిఫ్టు, ఒకే గ్రూపు. బస్సు టైము మారిందని చెప్పే గ్రూపులోనే ఆట లింకూ పడుతుంది. గ్రూపులోంచి బయటికి వస్తే బస్సు తప్పుతుంది.

ఇక సెట్టింగులన్నీ అపరిచితుణ్ణి దృష్టిలో పెట్టుకుని చేసినవి. మనకు పిలుపులు పంపేది అపరిచితుడా? చిన్ననాటి స్నేహితుడు, బామ్మర్ది, పాత క్లాస్‌మేటు, కిందింటి అన్న. వీళ్లంతా 'మై కాంటాక్ట్స్'లోనే ఉంటారు. వాట్సాప్‌లో ఫలానావాళ్లు తప్ప అనే వీలు కూడా ఉంది. బామ్మర్దిని ఆ జాబితాలో పెట్టారనుకోండి. అతను మిమ్మల్ని గ్రూపులో చేర్చబోతే కుదరలేదని, కావాలంటే విడిగా ఆహ్వానం పంపమని అతని ఫోన్ అతనికే చెబుతుంది. పండక్కి కలిసినప్పుడు అడుగుతాడు: "ఏం బావా, నన్ను పక్కన పెట్టినావంట?" దానికి జవాబు ఏ సెట్టింగ్స్‌లోనూ లేదు. ఈ మొహమాటం మీదే కంపెనీల వ్యాపారం నిలబడింది. టీవీలో ప్రకటన వస్తే చానల్ మారుస్తాం. బామ్మర్దిని మార్చలేం.

పైగా ఆ పిలుపు అతనే పంపాడన్న నమ్మకం కూడా లేదు. లింక్డ్‌ఇన్ తన సభ్యుల మెయిల్ పరిచయాలకు వాళ్ల పేరుతో ఆహ్వానాలు పంపి, స్పందన లేకపోతే మళ్లీ మళ్లీ గుర్తుచేస్తూ మెయిళ్లు పంపిందని అమెరికాలో 2013లో దావా పడింది. 2015లో కోటీ 30 లక్షల డాలర్లకు రాజీ చేసుకుంది. ఒకసారి 'అలౌ' అని నొక్కిన మనిషికి, తన పేరు మీద ఎన్ని తలుపులు తట్టారో తెలియదు.

మన దేశానికి సంబంధించిన లెక్క ఇంకా ఘాటైనది. ఒక వ్యక్తిత్వ పరీక్ష యాప్ ద్వారా ఫేస్‌బుక్ వాడేవాళ్ల సమాచారం పోగేసిన కేంబ్రిడ్జ్ అనలిటికా వ్యవహారం బయటపడ్డాక 2018 ఏప్రిల్‌లో ఫేస్‌బుక్ చెప్పిన ప్రకారం, ఆ యాప్‌ను భారతదేశంలో పెట్టుకున్నది 335 మంది. వాళ్ల స్నేహితులన్న కారణంగా సమాచారం చేజారి ఉండొచ్చన్నది 5,62,120 మందిది. ఒక్కొక్కరి వెనక పదహారు వందల మందికి పైగా. ఆ లక్షల మందిలో ఎవరూ ఏ మీటా నొక్కలేదు, ఏ ఆటకూ ఒప్పుకోలేదు. ఈ వ్యవహారం బయటపడకముందే ఫేస్‌బుక్ ఆ దారి మూసింది, నిజమే. ఫోన్లోని కాంటాక్టుల జాబితా అడిగే యాప్‌లు మాత్రం ఈరోజుకూ అదే తర్కంతో నడుస్తున్నాయి. నా నంబరు నీ ఫోన్లో ఉంటే, నా తరఫున నువ్వు ఒప్పుకున్నట్టే.

చట్టాలు లేవా అంటే ఉన్నాయి, ఒక్కోటి ఒక్కో చోట ఆగిపోతుంది. 1909కి ఫోన్ చేసి డీఎన్‌డీ పెట్టించుకుంటే ఆగేవి ప్రచార కాల్స్, ఎస్సెమ్మెస్‌లు. వాట్సాప్, టెలిగ్రామ్ ఆ పరిధిలోకి రావు. డబ్బు పెట్టి ఆడే ఆటలను తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో నిషేధించాయి. పొరుగున కర్ణాటక 2021లో తెచ్చిన నిషేధాన్ని అక్కడి హైకోర్టు 2022 ఫిబ్రవరిలో కొట్టేసింది. దాంతో హిందూపురంలో అప్పట్లో విచిత్రమైన పరిస్థితి. ఇక్కడ రమ్మీ యాప్ తెరిస్తే మీ రాష్ట్రంలో కుదరదనేది. సరిహద్దు దాటి గౌరీబిదనూరులో దిగితే రండి రండి అనేది. రోజూ రైలెక్కి బెంగళూరు వెళ్లొచ్చే ఊరు ఇది. ఆట సరిహద్దు దగ్గర ఆగింది గానీ ఆహ్వానం ఆగలేదు.

2025 ఆగస్టు 22న రాష్ట్రపతి ఆమోదం పొందిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టంతో ఈ గీత చెరిగింది. డబ్బు ఆటలు దేశమంతటా నిషేధం. నడిపేవాళ్లకు మూడేళ్ల దాకా జైలు, కోటి దాకా జరిమానా. ప్రచారం చేసేవాళ్లకు రెండేళ్లు, 50 లక్షలు. ఆడేవాణ్ణి శిక్షించకపోవడం సరైన పని. డ్రీమ్11 వంటి పెద్ద యాప్‌లు డబ్బు ఆటలు ఆపేశాయి. ఆ ఏడాది మార్చిలో హైదరాబాద్, సైబరాబాద్ పోలీసులు బెట్టింగ్ యాప్‌లకు ప్రచారం చేసిన సినిమావాళ్ల మీద, యూట్యూబర్ల మీద కేసులు కూడా పెట్టారు. తెర మీద నవ్వే నటుడు అందరికీ కనిపిస్తాడు, కేసు పెట్టడం సులువు. గ్రూపులో కోడ్ పెట్టి తనకో యాభై వస్తుందని ఆశపడే కుర్రాణ్ణి ఏం చేస్తారు? అతన్ని ప్రచారకర్త అని జైల్లో పెట్టమని నేననను. అతనికి ఆ యాభై ఎర వేసిన యాప్‌ను, అది బయటిదేశంలో ఉందన్న సాకు లేకుండా, పట్టుకోమంటాను. రెఫరల్ బోనస్ అనేదాన్నే ప్రచార ఖర్చుగా చూసి, శిక్ష కంపెనీకి వర్తింపజేయాలి. ఇక ఉచిత ఆటల పిలుపుల జోలికి ఈ చట్టం అసలు పోదు.

2023 డేటా రక్షణ చట్టంలో మాత్రం పట్టు దొరికే చోటు ఉంది. ఎవరి సమాచారమో వాళ్ల సమ్మతి కావాలని, పిల్లలకు గురిపెట్టిన ప్రకటనలు కూడదని అది చెబుతుంది. ఆ మాటను కాంటాక్టుల జాబితాకు కచ్చితంగా వర్తింపజేస్తే సగం బాధ తీరుతుంది. నా నంబరుకు నువ్వు సమ్మతి ఇవ్వలేవు, అంతే. ఆహ్వానం పంపాలంటే ఒక్కో మనిషినీ విడిగా ఎంచుకోవాలి, 'అందరికీ' అన్న మీట ఉండకూడదు. ఒకసారి కాదన్నవాడికి అదే ఆట నుంచి రెండోసారి పోకూడదు. కాదన్న సంగతి పంపినవాడికి తెలియనవసరం లేదు. ఇవేవీ పెద్ద ఇంజినీరింగ్ పనులు కావు.

కంపెనీలు మారవనే వాదన నేనొప్పుకోను. 2019 ఏప్రిల్‌లో, సార్వత్రిక ఎన్నికల ముంగిట, అడక్కుండా గ్రూపుల్లో చేర్చడాన్ని ఆపుకునే సెట్టింగును వాట్సాప్ ముందుగా భారతదేశంలోనే తెచ్చింది. అందులో అప్పుడు మూడు ఎంపికలుండేవి: ఎవరైనా, నా కాంటాక్టులు, ఎవరూ వద్దు. ఆ ఏడాది నవంబర్ నాటికి 'ఎవరూ వద్దు' తీసేసి, దాని చోట 'ఫలానావాళ్లు తప్ప' పెట్టారు. ఇప్పుడు ఎవరూ వద్దనుకునే మనిషి తన కాంటాక్టులందరినీ ఆ జాబితాలోకి ఎక్కించుకోవాలి. ఏడు నెలలు ఉండి పోయిన ఆ ఒక్క మీట తిరిగి రావాలని, డేటా చట్టాన్ని అమలుచేసే కేంద్రం ఆ కంపెనీని అడగడానికి కొత్త చట్టమేదీ అక్కర్లేదు.