ఆట కలిసింది.. మాట కలవట్లేదు: క్రాస్‌ప్లే గేముల్లో వాయిస్ చాట్ ఎందుకు మొరాయిస్తోంది?

ఆదివారం ఉదయం ఏడున్నర. కూకట్‌పల్లిలో మేనమామ పీసీ ముందు కూర్చున్నాడు. డల్లాస్‌లో అప్పుడు శనివారం రాత్రి తొమ్మిది. అక్క కొడుకు, పన్నెండేళ్లవాడు, ఎక్స్‌బాక్స్ ఆన్ చేశాడు. ఇద్దరూ ఫోర్ట్‌నైట్‌లో ఒకే టీమ్. స్క్రీన్ మీద ఒకరికొకరు కనిపిస్తున్నారు, పక్కపక్కనే పరుగెడుతున్నారు. మాట మాత్రం వినపడట్లేదు. 'మామా.. వినిపిస్తోందా?' అని వాడు అక్కడ అరుస్తున్నాడు. ఇక్కడ చప్పుడే లేదు. చివరికి అక్క ఫోన్‌లో వాట్సాప్ కాల్ కలిపి, ఫోన్ టేబుల్ మీద పెట్టుకుని ఆట కానిచ్చేస్తారు.

ఇది ఊహించి చెప్పిన సీనే. కానీ పిల్లలో, తమ్ముళ్లో గేమ్స్ ఆడే ఇళ్లకు ఇది కొత్తగా అనిపించదు. వేర్వేరు కంపెనీల మెషీన్ల మీద ఆట ఇంత చక్కగా కలిసి నడుస్తుంటే, మాట దగ్గరే ఎందుకు తేడా కొడుతోంది? హెడ్‌సెట్ పాడైందా? నెట్ స్లోగా ఉందా? ఈ రెండూ బాగానే ఉన్నా మాట ఆగిపోయే సందర్భాలు బోలెడు. ఎందుకో చూద్దాం.

గోడ కూలింది.. సగమే

ఒక కంపెనీ కన్సోల్‌లో ఆడేవాళ్లు ఇంకో కంపెనీ కన్సోల్ వాళ్లతో ఆడటాన్నే క్రాస్‌ప్లే అంటున్నాం. 2017 సెప్టెంబర్‌లో ఫోర్ట్‌నైట్‌లో ఓ వింత జరిగింది. ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్ ప్లేయర్లు అనుకోకుండా ఒకే మ్యాచ్‌లో కలిసిపోయారు. కాన్ఫిగరేషన్ పొరపాటు అని చెప్పి ఎపిక్ గేమ్స్ దాన్ని సరిదిద్దింది. అంటే టెక్నాలజీ అప్పటికే రెడీగా ఉంది. అడ్డుగా ఉన్నది కంపెనీల మధ్య వ్యాపారం లెక్క. మరుసటి ఏడాది, 2018 సెప్టెంబర్ 26న సోనీ ఫోర్ట్‌నైట్‌తోనే క్రాస్‌ప్లేకి గేట్లు తెరిచింది. ఆ తర్వాత రాకెట్ లీగ్, కాల్ ఆఫ్ డ్యూటీ, అపెక్స్ లెజెండ్స్.. అన్నీ ఆ దారిలోకే వచ్చాయి.

అయితే కలిసింది ఆట సర్వర్లే. మాట్లాడుకునే వ్యవస్థలు ఎవరివి వాళ్ల దగ్గరే ఉండిపోయాయి. ఎక్స్‌బాక్స్‌కి తన పార్టీ చాట్ ఉంది. ప్లేస్టేషన్‌కి తన పార్టీ చాట్ ఉంది. నింటెండో అయితే 2017లో వచ్చిన స్విచ్‌కి వాయిస్ చాట్ కోసం ఫోన్ యాప్ ఇచ్చింది. 2025 జూన్ 5న వచ్చిన స్విచ్ 2లో గేమ్‌చాట్ అని పెట్టి, కన్సోల్‌లోనే మైక్ అమర్చింది. కానీ ఆ గేమ్‌చాట్ పనిచేసేది స్విచ్ 2 వాళ్ల మధ్యనే. అంటే కొత్త మెషీన్‌లో కూడా కంపెనీ సొంత మాట కంపెనీ ఇంట్లోనే తిరుగుతోంది.

మైక్ ఒకటే.. గదులు మూడు

అసలు తికమక ఇక్కడే మొదలవుతుంది. క్రాస్‌ప్లే గేమ్ ఆడుతున్నప్పుడు మీ గొంతు మూడు చోట్లలో ఎక్కడికైనా వెళ్లొచ్చు. ఒకటి కన్సోల్ పార్టీ చాట్. రెండోది గేమ్ లోపల ఉండే చాట్. మూడోది డిస్కార్డ్ లాంటి బయటి యాప్. మీరు ఒక గదిలో కూర్చుని మాట్లాడుతూ, అవతలివాళ్లు ఇంకో గదిలో చెవులు రిక్కించి కూర్చుంటే మాట ఎలా చేరుతుంది?

కన్సోల్‌లో పార్టీలో ఉన్నంతసేపూ మైక్ సాధారణంగా ఆ పార్టీకే వెళ్తుంది. గేమ్ చాట్‌లో ఉన్న పీసీ ప్లేయర్‌కి వినపడదు. కాబట్టి మొదట చేయాల్సిన పని.. పార్టీ నుంచి బయటకు రావడం, లేదా పార్టీ మెనూలో గేమ్ చాట్‌కి మారడం. రెండు వైపులా ఒకే గదిలో ఉన్నారో లేదో ముందు తేల్చుకుంటే మిగతా వెతుకులాట సగం తగ్గుతుంది.

కంపెనీల ఈ గోడకి తలుపు పెట్టింది డిస్కార్డే అని చెప్పాలి. 2022లో ఎక్స్‌బాక్స్‌లోకి, 2023 మార్చిలో పీఎస్5లోకి డిస్కార్డ్ వాయిస్ వచ్చింది. మరోవైపు ఎపిక్ 2021 జూన్‌లో తన వాయిస్ సర్వీసును మిగతా డెవలపర్లకు ఉచితంగా ఇచ్చింది. అప్పటి నుంచి చిన్న స్టూడియోలకు కూడా గేమ్ లోపలే అన్ని మెషీన్లకూ పనికొచ్చే చాట్ పెట్టుకునే వీలు కలిగింది.

లక్షణం చూసి రోగం చెప్పొచ్చు

ఏది పడితే అది మార్చేసే ముందు ఒక్క నిమిషం ఆగి, ఎవరికి ఏం వినపడుతోందో అడగండి.

మీ మాట టీమ్‌లో ఎవ్వరికీ వినపడట్లేదు, వాళ్లవి మీకు వినపడుతున్నాయి.. అయితే చూడాల్సింది మీ మైక్, దాని పర్మిషన్లు. అందరికీ వినపడుతోంది, ఒక్కరికే వినపడట్లేదు.. అది మ్యూట్, బ్లాక్, ప్రైవసీ సెట్టింగ్స్ సంగతి. మాట వస్తోంది కానీ రోబో గొంతులా, ముక్కలు ముక్కలుగా వస్తోంది.. అది నెట్‌వర్క్. అటూ ఇటూ ఏమీ వినపడట్లేదు.. వేర్వేరు గదుల్లో ఉన్నారు, లేదా ఎవరి అకౌంట్‌కో చాట్ అనుమతి లేదు.

ఇంకో మాట. ఒకసారికి ఒక్క సెట్టింగే మార్చండి. ఐదు మార్చాక పనిచేస్తే ఏది పనిచేసిందో తెలీదు. మళ్లీ ఆగినప్పుడు కథ మొదటికొస్తుంది.

మైక్ దగ్గరే ఆగిందా?

పీఎస్5 కంట్రోలర్‌లోనే మైక్ ఉంటుంది, మధ్యలో చిన్న మ్యూట్ బటన్ ఉంటుంది. అది నారింజ రంగులో వెలుగుతోందంటే మైక్ ఆపేసి ఉన్నట్టే. తెలీకుండా వేలు తగిలి నొక్కుకుపోవడం మామూలే. హెడ్‌సెట్ వైరు మీద ఉండే చిన్న స్విచ్ కూడా చూడండి.

విండోస్ పీసీలో రెండు తాళాలు ఉంటాయి. ప్రైవసీ సెట్టింగ్స్‌లో మైక్రోఫోన్ మొత్తంగా ఆన్‌లో ఉండాలి. దాని కిందే డెస్క్‌టాప్ యాప్‌లకు విడిగా ఇంకో అనుమతి ఉంటుంది, అదీ ఆన్‌లో ఉండాలి. ఆ తర్వాత గేమ్ లోపల ఇన్‌పుట్ డివైస్ ఏదని ఉందో చూడాలి. వెబ్‌క్యామ్ మైక్ సెలెక్ట్ అయి ఉంటే మీరు హెడ్‌సెట్‌లో ఎంత అరిచినా లాభం లేదు.

వైర్లెస్ ఇయర్‌బడ్స్ వాడేవాళ్లకు ఇంకో చిక్కు. మామూలు బ్లూటూత్‌లో పాటలు వినడానికి ఒక పద్ధతి, ఫోన్ మాట్లాడటానికి ఇంకో పద్ధతి ఉంటాయి. మైక్ ఆన్ కాగానే అది రెండో పద్ధతిలోకి మారుతుంది. దాంతో గేమ్ సౌండ్ ఒక్కసారిగా పాత ల్యాండ్‌లైన్ ఫోన్‌లా అయిపోతుంది. ఇయర్‌బడ్స్ పాడయ్యాయని కంగారు పడక్కర్లేదు. ఇక పీఎస్5, ఎక్స్‌బాక్స్ అయితే మామూలు బ్లూటూత్ హెడ్‌సెట్‌ను నేరుగా తీసుకోవు. కంట్రోలర్‌కి గుచ్చే 3.5 ఎంఎం వైరు హెడ్‌సెట్ తక్కువ ఖర్చులో తేలిక దారి.

ఫోన్‌లో ఆడేవాళ్లదీ ఇదే గొడవ. బీజీఎంఐలో ఆండ్రాయిడ్, ఐఫోన్ ప్లేయర్లు ఒకే స్క్వాడ్‌లో ఆడతారు. ఆండ్రాయిడ్ 12 నుంచి ఫోన్ మొత్తానికీ మైక్ ఆపేసే స్విచ్‌ని పైనుంచి లాగే ప్యానెల్‌లో పెట్టుకోవచ్చు. అది ఆఫ్‌లో ఉంటే గేమ్‌కి పర్మిషన్ ఇచ్చినా ప్రయోజనం ఉండదు. మాట్లాడుతున్నప్పుడు ఆండ్రాయిడ్‌లో ఆకుపచ్చ గుర్తు, ఐఫోన్‌లో నారింజ చుక్క కనిపిస్తోందా? కనిపిస్తే మైక్ గేమ్‌కి అందుతున్నట్టే. లోపం ఇంకెక్కడో ఉంది.

స్పీడ్ ఉంది కదా.. మరి మాట ఎందుకు తెగుతోంది?

'మాది 100 ఎంబీపీఎస్ ప్లాన్' అంటారు చాలామంది. నిజానికి మాటకి అంత అక్కర్లేదు. డిస్కార్డ్ లాంటివి వాడే ఓపస్ అనే పద్ధతి 2012లో ఇంటర్నెట్ ప్రమాణంగా వచ్చింది. సెకనుకు 6 కిలోబిట్లతో కూడా అది మాటను పంపగలదు. కావాల్సింది వేగం కాదు, నిలకడ. ప్యాకెట్లు మధ్యలో పోయినా, ఒకటి ముందు ఒకటి వెనక వచ్చినా గొంతు ముక్కలవుతుంది. పక్క గదిలో ఎవరో పెద్ద ఫైల్ అప్‌లోడ్ చేస్తున్నా, వైఫై రెండు గోడలు దాటి వస్తున్నా ఇదే జరుగుతుంది. వైరు పెట్టి చూస్తే తేలిపోతుంది.

తర్వాతది నాట్. ఇంట్లో పది డివైస్‌లు ఒకే ఇంటర్నెట్ అడ్రస్‌ను పంచుకునేలా రూటర్ చేసే ఏర్పాటు ఇది. ఎక్స్‌బాక్స్‌లో దీన్ని ఓపెన్, మోడరేట్, స్ట్రిక్ట్ అని చూపిస్తుంది. ప్లేస్టేషన్‌లో టైప్ 1, 2, 3 అని ఉంటుంది. స్ట్రిక్ట్ లేదా టైప్ 3 అని వస్తే, సర్వర్ ద్వారా నడిచే ఆట సాఫీగానే సాగుతుంది. కానీ డివైస్ నుంచి డివైస్‌కి నేరుగా కలిసే వాయిస్ చాట్ కలవకపోవచ్చు. రూటర్‌లో యూపీఎన్‌పీ ఆన్ చేస్తే చాలావరకు దారికొస్తుంది.

మన దగ్గర ఇంకో మెలిక ఉంది. మొబైల్ డేటాలోనూ, కొన్ని బ్రాడ్‌బ్యాండ్ కనెక్షన్లలోనూ ఆపరేటర్ ఒకే పబ్లిక్ అడ్రస్‌ను ఎంతోమంది కస్టమర్లకు పంచుతాడు. రూటర్ పేజీలో వ్యాన్ ఐపీ అడ్రస్ 100.64 నుంచి 100.127 మధ్య అంకెలతో మొదలైతే మీదీ అలాంటి కనెక్షనే. అప్పుడు ఇంట్లో రూటర్‌ని ఎంత కెలికినా ఉపయోగం ఉండదు. ఆపరేటర్‌ని పబ్లిక్ ఐపీ అడగాలి, ఐపీవీ6 ఉంటే ఆన్ చేయించుకోవాలి. హాస్టల్, ఆఫీస్ వైఫైల్లో గేమింగ్ ట్రాఫిక్‌నే ఆపేస్తే మొబైల్ హాట్‌స్పాట్‌తో ఒకసారి పరీక్షించండి. అక్కడ పనిచేస్తే తప్పు మీ హెడ్‌సెట్‌ది కాదని తెలిసిపోతుంది.

ఇక దూరం సంగతి. హైదరాబాద్ నుంచి డల్లాస్‌కి సుమారు 14 వేల కిలోమీటర్లు. ఫైబర్‌లో వెలుతురు సెకనుకు దాదాపు 2 లక్షల కిలోమీటర్లు పోతుంది. సూటిగా కేబుల్ వేసినా ఒకవైపుకే 70 మిల్లీసెకన్లు పడుతుంది. అసలు కేబుళ్లు చుట్టూ తిరిగి వెళ్తాయి, మధ్యలో సర్వర్లూ ఉంటాయి. ఒకవైపు ఆలస్యం 150 మిల్లీసెకన్లలోపు ఉంటే సంభాషణకి ఇబ్బంది ఉండదని అంతర్జాతీయ టెలికమ్యూనికేషన్ యూనియన్ చెబుతోంది. కాబట్టి మేనమామ, మేనల్లుడు ఒకరి మాట మీద ఒకరు పడుతున్నారంటే అది ఏ సెట్టింగ్‌తోనూ పూర్తిగా పోదు. ఒకరు ఆపాక ఒకరు మాట్లాడటమే మందు.

పిల్లల అకౌంటా? అయితే ఇక్కడ ఆగండి

మళ్లీ మొదటి సీన్‌కి వద్దాం. హెడ్‌సెట్ బాగుంది, నెట్ బాగుంది, ఇద్దరూ గేమ్ చాట్‌లోనే ఉన్నారు. అయినా మాట లేదు. ఎందుకు? వాడికి పన్నెండేళ్లు కాబట్టి.

ఎక్స్‌బాక్స్‌లో పిల్లల అకౌంట్‌కి, ఎక్స్‌బాక్స్ బయటి ప్లేయర్లతో మాట్లాడటానికి విడిగా ఒక అనుమతి ఉంటుంది. పీసీలో ఉన్న మేనమామ 'బయటివాడు' కిందే లెక్క. దాన్ని తల్లిదండ్రులు తెరవాలి. అది తెరిచినా సరిపోదు. ఎపిక్ అకౌంట్‌లో 13 ఏళ్లలోపు పిల్లలకు తల్లిదండ్రుల ఒప్పుకోలు వచ్చేదాకా వాయిస్ చాట్ ఉండదు. అంటే రెండు కంపెనీలు, రెండు తాళాలు. ఒకటి తెరిచి రెండోది మర్చిపోతే మళ్లీ మౌనమే.

ఈ తాళాలు ఊరికే రాలేదు. 2022 డిసెంబర్‌లో అమెరికా ఫెడరల్ ట్రేడ్ కమిషన్ కేసులో ఎపిక్ 27.5 కోట్ల డాలర్ల జరిమానాకి ఒప్పుకుంది. పిల్లల సమాచారం సేకరించడంతో పాటు, వాయిస్, టెక్స్ట్ చాట్ ముందే ఆన్‌లో పెట్టి పిల్లల్ని అపరిచితులతో కలిపేశారన్నది ఆరోపణ. పిల్లలకు, టీనేజర్లకు చాట్ మొదట ఆఫ్‌లోనే ఉండాలన్నది సెటిల్‌మెంట్ షరతు. మన దేశంలోనూ 2023 నాటి డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం 18 ఏళ్లలోపు వారి డేటాకి తల్లిదండ్రుల సమ్మతి ఉండాలంటోంది.

మరి ప్రమాదం ఎక్కడ? మౌనం చూసి విసిగిపోయిన ఇంట్లో ఎవరో ఒకరు 'పుట్టిన సంవత్సరం మార్చేసి కొత్త అకౌంట్ చేద్దాం' అంటారు. అంతే, చాట్ చక్కగా పనిచేస్తుంది. మామతో మాట్లాడటానికి తెరిచిన ఆ తలుపు ప్రపంచంలో ఎవరికైనా తెరిచినట్టే. వయసు అబద్ధం చెబితే పోయేది ఒక్క చాట్ తాళమే కాదు, మిగతా రక్షణలన్నీ పోతాయి.

దీనికి సరైన దారి ఉంది, పెద్ద కష్టం కూడా కాదు. అక్క తన ఫోన్‌లోని ఎక్స్‌బాక్స్ ఫ్యామిలీ సెట్టింగ్స్ యాప్‌లో బయటివాళ్లతో మాటకి అనుమతివ్వాలి. తర్వాత ఎపిక్ పేరెంటల్ కంట్రోల్స్‌లో ఒప్పుకోలు ఇచ్చి, వాయిస్ చాట్‌ని 'ఫ్రెండ్స్ మాత్రమే' దగ్గర ఆపాలి. మామ ఫ్రెండ్స్ లిస్టులో ఉంటాడు, మాట కలుస్తుంది. దారిన పోయేవాడు ఉండడు, వాడి మాట రాదు.

చెప్పకపోవడమే అసలు లోపం

ఇన్ని పొరలు ఉండటం తప్పు కాదు. మైక్ ప్రైవసీ కావాలి, పిల్లలకు రక్షణ కావాలి. కానీ మాట ఆగినప్పుడు ఏ పొరలో ఆగిందో ప్లేయర్‌కి ఎవరూ చెప్పట్లేదు. మ్యూట్ బటన్ నొక్కుకున్నా, నాట్ అడ్డొచ్చినా, తల్లిదండ్రుల అనుమతి లేకపోయినా బయటికి కనిపించేది ఒక్కటే.. నిశ్శబ్దం. దాంతో జనం కొత్త హెడ్‌సెట్ కొంటారు, రూటర్ మారుస్తారు. అన్నీ అయ్యాక తీయకూడని తాళం తీసేస్తారు.

'ఈ అకౌంట్‌కి బయటి ప్లేయర్లతో మాట్లాడే అనుమతి లేదు, తల్లిదండ్రులను అడగండి' అని స్క్రీన్ మీద ఒక్క లైన్ వస్తే చాలు. ఆట సర్వర్లు కలపడానికి ఒప్పుకున్న కంపెనీలకు ఈ ఒక్క లైన్ చూపించడం బరువేం కాదు. అది వచ్చేదాకా ఇళ్లలో పాటించాల్సిన వరుస ఇదే.. ముందు ఒకే గదిలో ఉన్నారో లేదో చూడండి, తర్వాత మైక్, ఆ తర్వాత నెట్, చివరగా అనుమతి. పిల్లల అనుమతి దగ్గరికి వచ్చినప్పుడు మాత్రం కంట్రోలర్ వాళ్ల చేతిలో ఉన్నా, ఫోన్ అమ్మానాన్నల చేతిలోనే ఉండాలి.