కువైట్ తలుపు ఎవరికి మూసుకుంటోంది, ఎవరికి తెరిచి ఉంది?

రాయచోటిలోనో రాజంపేటలోనో ఒక వీధి గుండా నడిస్తే చాలు, కడప సీమకూ కువైట్‌కూ మధ్య ఉన్న బంధం ఎవరికైనా అర్థమవుతుంది. ఈ ప్రాంతంలో కువైట్ పరాయి దేశం కాదు, పక్క తాలూకా వంటిది. అత్తగారి ఊరి పేరు చెప్పినంత మామూలుగా మన ఆడపడుచులు ఫర్వానియా, ఖైతాన్, అబ్బాసియా పేర్లు చెబుతారు. అకామా, కఫీల్, ఖాదిమ్ వీసా, ఔట్‌పాస్ వంటివి చదువురాని తల్లులకు కూడా తెలిసిన మాటలు. ‘కువైట్‌కు పోతే అప్పు తీరుతాది’ అన్న ఒక్క వాక్యం మీద రెండు తరాల సంసారాలు నడిచాయి.

ఆ వాక్యం ఇంకెంతకాలం నిలుస్తుంది? ఈ ప్రశ్నను ఇప్పుడు మనం గట్టిగా వేసుకోవాలి. ఎందుకంటే గల్ఫ్ దేశాలు తమ ఉద్యోగ విధానాన్ని మార్చుకుంటున్నాయి. ఆ మార్పు మగవారి మీద ఒక విధంగా, ఆడవారి మీద మరొక విధంగా పడుతోంది. ఈ రెండో సంగతిని మన సమాజంలో చర్చించేవారు తక్కువ.

కువైట్ జనాభా సుమారు 49 లక్షలు. అందులో కువైటీ పౌరులు దాదాపు 15 లక్షలే. అంటే ఆ దేశంలో నివసించే ప్రతి పదిమందిలో ఏడుగురు బయటివారు. భారతీయులు సుమారు పది లక్షలు. మొత్తం జనాభాలో వారు 21 శాతం, శ్రామికుల్లో 30 శాతం అని 2024 డిసెంబరులో ప్రధానమంత్రి కువైట్ పర్యటన సందర్భంగా మన ప్రభుత్వమే ప్రకటించింది. 1970లలో చమురు ధర పెరిగిన తర్వాత ఆ దేశాలు రోడ్లు, భవనాలు, ఆసుపత్రులు కట్టుకోవడానికి బయటి చేతులను పిలిచాయి. వరుస కరువులతో వేరుశనగ చేలు ఎండి, పని లేక నిలబడిన రాయలసీమ ఆ పిలుపును అందుకుంది. 1990 ఆగస్టులో ఇరాక్ సైన్యం కువైట్‌ను ఆక్రమించినప్పుడు లక్షా డెబ్బై వేలకు పైగా భారతీయులను విమానాల్లో వెనక్కి తీసుకురావలసి వచ్చింది. కట్టుబట్టలతో తిరిగివచ్చిన కుటుంబాలు మన జిల్లాల్లోనూ ఉన్నాయి. యుద్ధం ముగిసిన తర్వాత మళ్లీ వెళ్లిన వారూ ఉన్నారు. వెళ్లకుండా ఉండగలిగే పరిస్థితి ఇక్కడ అప్పుడూ లేదు.

ఇప్పుడు ఆ దేశాల్లో కొత్త తరం చదువుకుని ఉద్యోగాలు అడుగుతోంది. సౌదీ అరేబియా 2011లో ‘నితాఖత్’ పేరుతో ప్రతి సంస్థలో స్వదేశీయుల వాటాను నిర్ణయించింది. 2016లో మొబైల్ ఫోన్ల అమ్మకం, మరమ్మతు పనులను పూర్తిగా సౌదీలకే కేటాయించింది. 2017 జులై నుంచి ప్రవాసుల మీద ఆధారపడిన ప్రతి కుటుంబ సభ్యుడికీ నెలకు 100 రియాళ్ల రుసుము విధించి, 2020 నాటికి దానిని 400 రియాళ్లకు పెంచింది. భార్యాబిడ్డలను దగ్గర ఉంచుకున్న చిన్న ఉద్యోగులు వారిని ఇంటికి పంపించక తప్పలేదు. కువైట్ 2017లో ప్రభుత్వ కొలువుల్లోని విదేశీయుల స్థానంలో స్వదేశీయులను నియమించే ప్రణాళిక తెచ్చింది. 2020లో భారతీయుల సంఖ్య ఆ దేశ జనాభాలో 15 శాతం మించరాదనే బిల్లు పార్లమెంటు కమిటీ దాకా వెళ్లింది. అది చట్టం కాలేదు గానీ మన ఇళ్లలో అది రేపిన భయం మాత్రం తగ్గలేదు. 2021లో అరవై ఏళ్లు దాటిన, డిగ్రీ లేని వారి పర్మిట్ల పునరుద్ధరణను ఆపివేశారు. తర్వాత భారీ రుసుముతో అనుమతించి, చివరికి ఆంక్షను సడలించారు. ఈ ఊగిసలాటలో ముప్పై, నలభై ఏళ్లు అక్కడే గడిపిన పాతతరం డ్రైవర్లు, మేస్త్రీలు ఎందరో మూట సర్దుకున్నారు.

ఈ విధానాలను మేము నిందించడం లేదు. తన బిడ్డలకు తన దేశంలో ఉద్యోగం ఉండాలని కోరుకునే హక్కు ఏ ప్రభుత్వానికైనా ఉంటుంది. స్థానికులకు ఉద్యోగాలు దక్కాలని మన రాష్ట్రంలో మనమూ అడుగుతాం. కనుక ఆ దేశాలు ఇలా ఎందుకు చేస్తున్నాయని అడగడం కన్నా, ఇంత స్పష్టంగా కనబడుతున్న మార్పుకు మనం, మన ప్రభుత్వాలు ఏం సిద్ధం చేసుకున్నామని అడగడం న్యాయం.

ఇక్కడే ఆ రెండో సంగతి వస్తుంది. స్వదేశీకరణ గుమాస్తా కొలువుకు వర్తిస్తుంది, దుకాణానికి వర్తిస్తుంది, కార్యాలయానికి వర్తిస్తుంది. ఒక ఇంటి వంటగదికి మాత్రం వర్తించదు. అంట్లు తోమి, బట్టలు ఉతికి, వృద్ధులను ఎత్తి కూర్చోబెట్టి, పసిపిల్లలను రాత్రంతా మోసే పనికి ఏ కువైటీ మహిళా దరఖాస్తు చేయదు. ఆ దేశంలో ఇంటి పనివారు ఏడు లక్షలకు పైగా ఉన్నారు. ఏ చట్టం వచ్చినా ఆ సంఖ్యను తగ్గించడం కష్టం. అంటే మగవారికి తలుపు మెల్లగా మూసుకుంటున్న చోట, ఆడవారికి మాత్రం అది తెరిచే ఉంది. భర్త అకామా రద్దయి తిరిగివస్తే, ఆ ఇంటి అప్పు తీర్చడానికి భార్య ఖాదిమ్ వీసా మీద బయలుదేరుతుంది. మన ప్రాంతంలో ఇది కొత్త దృశ్యం కాదు, ఇకముందు మరింత పెరిగే దృశ్యం.

మరి ఆమె వెళ్లే పనికి రక్షణ ఎంత? కువైట్ 2015లో ఇంటి పనివారి కోసం 68వ నంబరు చట్టం చేసింది. రోజుకు పన్నెండు గంటలకు మించి పని చేయించరాదు, వారానికి ఒక సెలవు ఇవ్వాలి, ఏడాదికి ముప్పై రోజుల జీతంతో కూడిన సెలవు ఇవ్వాలి, కొలువు ముగిసినప్పుడు ఏడాదికి ఒక నెల జీతం చొప్పున చెల్లించాలి, ఆమె అంగీకారం లేకుండా పాస్‌పోర్టు యజమాని దగ్గర ఉంచుకోరాదు, జీతం ఆలస్యమైతే నెలకు పది దినార్ల పరిహారం ఇవ్వాలి అని అందులో ఉంది. 2016లో కనీస వేతనం నెలకు 60 దినార్లుగా నిర్ణయించారు.  గల్ఫ్ ప్రాంతంలో ఇది ముందడుగే. కానీ ఆ చట్టం అమలు కావలసిన చోటు ఇంటి నాలుగు గోడల మధ్య ఉంది. అక్కడికి తనిఖీ అధికారి రాడు. యజమాని ‘పరారీ’ అని ఒక్క ఫిర్యాదు చేస్తే ఆమె అకామా పోతుంది. జీతం అడగబోయిన మనిషి ఆ క్షణం నుంచి దొంగచాటుగా బతికే మనిషి అవుతుంది. మన వాళ్లు ‘ఖల్లివల్లి’ అని చెప్పుకునే బతుకు అది. 2018లో, 2020లో, 2024లో కువైట్ క్షమాభిక్ష ప్రకటించిన ప్రతిసారీ ఔట్‌పాస్ కోసం వరుస కట్టిన వారిలో మన జిల్లాల స్త్రీలు ఉండడానికి కారణం ఇదే. 2024లో ఇంటి పని వీసా నుంచి ప్రైవేటు సంస్థల వీసాకు మారే అవకాశం ఇచ్చినా, అది జులై 14 నుంచి సెప్టెంబరు 12 వరకే, రెండు నెలలే.

వేలెత్తి చూపేటప్పుడు మన దేశాన్నీ చూడాలి. ఇంటి పనివారి హక్కుల మీద అంతర్జాతీయ కార్మిక సంస్థ 2011లో చేసిన 189వ ఒప్పందాన్ని కువైట్ ఆమోదించలేదు, భారతదేశమూ ఆమోదించలేదు. దేశంలోని ఇంటి పనివారికే ఒక ప్రత్యేక కేంద్ర చట్టం లేనప్పుడు, పరాయి దేశంలోని మన స్త్రీ కోసం మన దౌత్యవేత్తలు ఎంత గట్టిగా అడగగలరు?

మన వలస చట్టం 1983 నాటిది. పదో తరగతి పాస్ కాని స్త్రీ ముప్పై ఏళ్లు నిండనిదే గల్ఫ్ కొలువుకు వెళ్లరాదని నియమం. ఇంటి పనికి వెళ్లేవారిని ప్రభుత్వ సంస్థల ద్వారానే పంపాలని మరో నియమం. మన రాష్ట్రానికి ఓమ్‌క్యాప్ అనే సంస్థ ఉన్నది ఇందుకే. లైసెన్సు ఉన్న ఏజెంటు కూడా సేవా రుసుముగా ముప్పై వేలు, దాని మీద జీఎస్టీ మించి తీసుకోరాదు. నియమాలు చక్కగానే ఉన్నాయి. అయితే ఇరవై అయిదేళ్ల తల్లికి ఇంట్లో పొయ్యి వెలగనప్పుడు నియమం ఆమెను ఆపదు, దారి మార్చుకునేలా మాత్రమే చేస్తుంది. దళారీ వయసు పెంచి కాగితం పుట్టిస్తాడు, లేదా విజిట్ వీసా మీద మరో దేశం మీదుగా పంపుతాడు. అలా వెళ్లిన స్త్రీ పేరు ఈ-మైగ్రేట్ నమోదులో ఉండదు. రెండేళ్లకు 275, మూడేళ్లకు 375 రూపాయల ప్రీమియంతో పది లక్షల ప్రమాద బీమా ఇచ్చే ప్రవాసీ భారతీయ బీమా యోజన ఆమెకు వర్తించదు. ఆమెను రక్షించడానికి పెట్టిన నిషేధమే ఆమెను రక్షణ లేని దారిలోకి నెట్టింది. 2025 అక్టోబరులో కేంద్రం పాత చట్టం స్థానంలో కొత్త ముసాయిదా బిల్లును ప్రజల ముందు పెట్టింది. ఆ చర్చలో కడప స్త్రీ గొంతు వినిపించకపోతే, కొత్త చట్టంలోనూ ఆమెకు చోటు ఉండదు.

ఇక మన సంగతి. ఉమ్మడి కర్నూలు, కడప జిల్లాల్లో ప్రతి వందమందిలో సుమారు పదహారుగురు ముస్లింలని 2011 జనగణన చెబుతోంది. వారిలో ఎక్కువమంది సొంత భూమి లేనివారు. ఆదోని జిన్నింగు మిల్లుల్లో, బేతంచెర్ల బండల పాలిష్ యూనిట్లలో, బీడీల చాటల ముందు, మెకానిక్ షెడ్లలో, తోపుడు బండ్ల వెనుక కనిపించేది వారే. 2007 నాటి బీసీ-ఈ రిజర్వేషన్ల వల్ల కొందరు ఇంజనీర్లు, డాక్టర్లు అయ్యారు. ఆ మెట్టు ఎక్కాలంటే మొదట పదో తరగతి దాటాలి. మన ఆడపిల్లల్లో ఎందరో ఆ గడప దగ్గరే ఆగిపోతున్నారు. తల్లి కువైట్‌లో ఉంటే పెద్ద కూతురే ఇంటికి తల్లి అవుతుంది. నానీ కాళ్లనొప్పులు, తమ్ముడి అన్నం, తండ్రి తాగుడు అన్నీ ఆమె మీదే పడతాయి. బడి మానేస్తుంది. కొన్నేళ్లకు పదో తరగతి పాస్ కాని మరో పాస్‌పోర్టు సిద్ధమవుతుంది. తల్లి సంపాదించిన దినార్లు కూతుర్ని అదే విమానం ఎక్కించడానికి పనికొస్తే, ఆ శ్రమకు అర్థమేమిటి?

ఆ దినార్లు ఎక్కడికి పోతున్నాయో కూడా మనం దాచుకోనక్కరలేదు. వడ్డీకి పోతున్నాయి, జోడాకు పోతున్నాయి. వధువుకు మహర్ ఇవ్వవలసిన సమాజంలో వరుడికి జోడా ఇవ్వడానికి ఒక తల్లి పరాయి ఇంటి అంట్లు తోముతోంది. ‘ముస్లిం దేశమే కదా, మనవాళ్లే కదా’ అని నమ్మబలికి పంపే దళారీ చాలాసార్లు మన మొహల్లాలోనే ఉంటాడు, మన దావత్‌లలో ముందు వరుసలో కూర్చుంటాడు. అక్కడ ఆమెకూ యజమానికీ మధ్య ఉన్నది నమాజు బంధం కాదు, వీసా బంధం. మన మస్జిదుల మినార్లకు, మద్రసాల గదులకు కువైట్ చందాలు అందాయి. ఆ చందా పంపిన స్త్రీకి మూడు నెలలుగా జీతం అందుతోందా అని అడిగిన కమిటీలు ఎన్ని? పైగా తిరిగివచ్చిన స్త్రీని ‘కువైట్ పోయొచ్చినామె’ అని గుసగుసలాడే నోళ్లు మనవే. ఆమె డబ్బుతో కట్టిన ఇంట్లో కూర్చుని ఆమె నడతను ప్రశ్నించడం కన్నా కృతఘ్నత లేదు.

కనుక మా కోర్కెలు రెండు వైపులకూ ఉన్నాయి.

ప్రభుత్వాన్ని మేము అడిగేది ఇది. ఓమ్‌క్యాప్ కార్యాలయం వలస వెళ్లే మనుషులున్న చోట, రాయచోటి, కడప, ఆదోని వంటి ఊళ్లలో పనిచేయాలి. ఒప్పంద పత్రం తెలుగులో, ఉర్దూలో చదివి వినిపించాకే సంతకం తీసుకోవాలి. కేరళ 1998 నుంచి వలసల సర్వేలు జరిపించుకుని తన ప్రవాసుల లెక్క తేల్చుకుంది. మన రాష్ట్రం మండలాల వారీగా అటువంటి లెక్క తీయాలి. తెలంగాణ 2024లో గల్ఫ్‌లో మరణించిన కార్మికుల కుటుంబాలకు అయిదు లక్షల సాయం ప్రకటించింది. మన రాష్ట్రంలోనూ అటువంటి సాయం, కాగితాలు సరిగా లేని వారి కుటుంబాలకు కూడా, హక్కుగా అందాలి. తిరిగివచ్చిన స్త్రీలకు మైనారిటీల ఆర్థిక సంస్థ రుణాల్లో ప్రత్యేక వాటా ఉండాలి. కేంద్రం 2024లో ఆమోదించిన ఓర్వకల్లు, కొప్పర్తి పారిశ్రామిక కేంద్రాల కొలువుల్లో, శిక్షణల్లో వలస కుటుంబాల పిల్లలకు ప్రాధాన్యం ఇవ్వాలి.

మనల్ని మనం అడుగుకోవలసింది ఇది. ప్రతి మస్జిదు కమిటీ తన మొహల్లా నుంచి వెళ్లినవారి పేరు, పాస్‌పోర్టు నంబరు, యజమాని చిరునామా ఒక పుస్తకంలో రాసి ఉంచాలి. దానికి ప్రభుత్వ ఉత్తర్వు అవసరం లేదు, ఒక నోటుపుస్తకం చాలు. ఆపద వచ్చినప్పుడు రాయబార కార్యాలయం మొదట అడిగేవి ఆ వివరాలే. తల్లి దూరంగా ఉన్న ఆడపిల్ల పదో తరగతి పూర్తిచేసేదాకా ఆ ఇంటి బాధ్యతను మొహల్లా పంచుకోవాలి. మోసం చేసిన దళారీ మీద కేసు పెట్టేటప్పుడు రాజీ కుదిర్చే పెద్దలుగా కాక, సాక్షులుగా నిలబడాలి. జోడా తీసుకునే పెళ్లికి వెళ్లబోమని చెప్పగల పెద్దలు ముందుకు రావాలి.

కువైట్‌కు ఎవరూ పోకూడదని మేము అనడం లేదు. పోవాలనుకున్న స్త్రీ ముప్పై ఏళ్ల అనుభవంతో, చేతిలో చదువుతో, సంచిలో తాను చదివిన ఒప్పందంతో, వెనుక తన పేరు తెలిసిన సమాజంతో పోవాలి. పోకుండా ఉండాలనుకున్న స్త్రీకి ఇక్కడే పొయ్యి వెలగాలి. ఈ రెండింటిలో ఏదో ఒకటి ఆమె స్వయంగా ఎంచుకునే రోజు వచ్చేదాకా, ఆ దేశంలో తలుపు ఎవరికి మూశారు, ఎవరికి తెరిచారు అని లెక్కలు వేసుకుంటూ కూర్చోవడం వల్ల మనకు ఒరిగేది ఏమీ లేదు. మన ఇంటి తలుపు దగ్గర ఏం జరుగుతోందో ముందు చూద్దాం.