ఏమి చదువవలెను?

పుస్తకములు చదువుడని హితము చెప్పువారికి మన దేశమున కొరత లేదు. ఏ పుస్తకములు చదువవలెనని తిరిగి యడిగినచో మాత్రము వారు నీళ్లు నములుదురు. కొందరు తమకు నచ్చిన గ్రంథము పేరొకటి చెప్పి యూరకుందురు. కొందరు మంచి పుస్తకములు చదువుడని చెప్పి తప్పించుకొందురు. చదివిన పుస్తకము మంచిదా చెడ్డదా యనుట యొక విచారణ. చదివిన పుస్తకములన్నియు నొకే తెగవా, వేర్వేరు తెగలవా యనుట మరియొక విచారణ. మొదటి దానిని గూర్చి పెద్దలు చాల చెప్పియున్నారు. రెండవ దానిని గూర్చి మన మంతగా తలపోయలేదు. ప్రజల స్వతంత్రబుద్ధికి రెండవదియే మూలమని మేము తలచుచున్నాము.

నవలలు మాత్రమే చదువువాడు లోకమునందు నాయకులును ప్రతినాయకులును దప్ప వేరెవ్వరును లేరని భ్రమపడును. చరిత్రగ్రంథములు మాత్రమే చదువువానికి సంవత్సరములు, యుద్ధములు, వంశవృక్షములు కంఠస్థమగును గాని, ఆ సంవత్సరములలో బ్రదికిన మనుష్యుడు ఏమి తిని, దేనికి భయపడి, దేనికొరకు కన్నీరు విడిచెనో తెలియదు. యాత్రాగ్రంథములు మాత్రమే చదువువాడు పరుగెత్తు బండి కిటికీనుండి చూచినదే దేశమనుకొనును. ఈ మువ్వురును చదువరులే. అయినను మువ్వురి జ్ఞానమును కుంటిదే. ఒక తెగ గ్రంథముయొక్క లోపమును వేరొక తెగ గ్రంథము చూపగలదు గాని, అదే తెగకు చెందిన నూరు గ్రంథములు చూపజాలవు.

ఈ మాటకు మన తెలుగుదేశపు నిదర్శన మొకటి చూపెదము. కాకతి రుద్రమదేవి పేరు వినని తెలుగువాడు లేడు. ఆమెను గూర్చి మన కెన్ని తెగల గ్రంథములు సాక్ష్యమిచ్చుచున్నవో, ఆ సాక్ష్యములు ఒకదానితో నొకటి యెట్లు పొసగుచున్నవో, ఎట్లు విభేదించుచున్నవో పరికింతము.

వెనిసు నగరపు వర్తకుడు మార్కో పోలో చీనాదేశమునుండి స్వదేశమునకు మరలుచు, 1290 దాటిన తరువాత దక్షిణ సముద్రముల మీదుగా ప్రయాణించెనని పండితులు సామాన్యముగా చెప్పుదురు. అతని యాత్రాగ్రంథమున మోటుపల్లి రేవు పేరుతో మన రాజ్యము వర్ణింపబడినది. భర్త మరణించిన పిమ్మట నలువది సంవత్సరములుగా రాణి యొకతె న్యాయముతో పాలించుచున్నదని యతడు వ్రాసెను. అచట నేయు సన్నని వస్త్రములు సాలెగూటి దారములను బోలియుండునని పొగడెను. వజ్రములను గూర్చియు, వానిని పట్టి తెచ్చు పక్షులను గూర్చియు వింతకథలు చెప్పెను. ఎక్కడనో పశ్చిమ సముద్రతీరమున పుట్టినవాడు మన నేతగాని చేతిపనిని, మన రాణి న్యాయబుద్ధిని లోకమునకు చాటినాడు. ఇది చదివినప్పుడు ఏ తెలుగువాని హృదయ ముప్పొంగదు?

కాని యంతటితో పుస్తకము మూసివేసినచో మనము తప్పుత్రోవ పట్టినవార మగుదుము. రుద్రమ గణపతిదేవుని భార్య కాదు, కుమార్తె. గుంటూరు ప్రాంతమునందలి మల్కాపురమున 1261 నాటి శిలాశాసనము ఈ సంగతిని చెప్పుచున్నది. ఆమె భర్త నిడదవోలు చాళుక్య వంశీయుడగు వీరభద్రుడు. నల్లగొండ ప్రాంతమునందలి చందుపట్ల శాసనమునుబట్టి 1289 నాటికే ఆమె శివసాయుజ్యము పొందినట్లు తెలియుచున్నది. విదేశయాత్రికుడు రేవులలో విన్నమాటను వ్రాసికొన్నాడు. శాసనము చెక్కించినవారు ఆ దేశముననే యుండిరి. ఇరువురి మాటకును తూకము వేరు.

శాసనము తప్పు దిద్దుటతోనే యాగలేదు. మల్కాపుర శాసనమున విశ్వేశ్వర శివాచార్యుల కిచ్చిన మందడ గ్రామపు ఆదాయమునుండి ప్రసూతిశాలకు, ఆరోగ్యశాలకు, అన్నసత్రమునకు భాగము లేర్పరచిన వివరము కలదు. ఏడువందల సంవత్సరములకు పూర్వము ఈ గడ్డమీద కాన్పుల కొక శాల యుండెనను సంగతి మార్కో పోలో యెరుగడు. అట్లే 1244 ప్రాంతమున గణపతిదేవుడు వేయించిన మోటుపల్లి శాసనము నావికవర్తకులకు అభయమిచ్చుచున్నది. గాలివానలో దరిజేరిన ఓడల సరకును పూర్వపురాజులు అపహరించుచుండిరనియు, తాము మాత్రము న్యాయమైన సుంకము దక్క మరేమియు గ్రహింపమనియు అందు చెప్పబడినది. ఈ రాతిని చదివినవానికే మార్కో పోలో వ్రాసిన వర్తకసమృద్ధికి కారణము బోధపడును. యాత్రాగ్రంథము ఫలమును చూపెను. శాసనము వేరును చూపెను.

అయినను రాతికి ఊపిరి లేదు. ఆడుబిడ్డ పుట్టినదని తెలిసియు ఆమెను రుద్రదేవ మహారాజను పురుషనామముతో సింహాసనమెక్కించిన తండ్రి మనస్సులో నేమి మెదలియుండును? స్త్రీకి తలవంచుటకు రోసిన సామంతుల సభలో ఆమె మొదటిసారి కూర్చున్ననాడు ఎట్లుండెను? ఈ ప్రశ్నలకు శాసనము మారుపలుకదు. అడివి బాపిరాజుగారు "గోన గన్నారెడ్డి" వ్రాసినను, నోరి నరసింహశాస్త్రిగారు "రుద్రమదేవి" వ్రాసినను, ఆ మౌనమును తమ యూహతో నింపుటకే. అందు సాహసములు కలవు, ప్రణయములు కలవు, రచయితల కాలమునాటి జాతీయావేశమును కలదు. ఊహ యెక్కడ ముగిసెనో, ఆధార మెక్కడ మొదలయ్యెనో నవలాకారుడు గీత గీసి చూపడు. అది యతని ధర్మము కాదు. ఆ గీతను గీసికొనవలసినవాడు పాఠకుడు. శాసనముల నెరుగని పాఠకుడు ఎట్లు గీయగలడు?

2015లో రుద్రమదేవి కథ వెండితెర కెక్కినది. లక్షలమంది చూచిరి. ఇప్పుడు అరచేతిలోని తెరమీద రెండు నిమిషముల దృశ్యములు చరిత్రపేరుతో క్షణక్షణమును వచ్చిపడుచున్నవి. ఒకడు మన పూర్వుల నాకాశమున కెత్తును. వేరొకడు పాతాళమున త్రొక్కును. ఒక కులమువారు ఒక రాజును తమవాడందురు. మరియొక కులమువారు కాదందురు. ఈ వాదములలో గొంతు పెద్దదైనవానికి జయము కలుగుచున్నది. యాత్రికుని మాట, శాసనపు మాట, నవలాకారుని మాట వేర్వేరుగా చదివి తూచిన పాఠకుడు ఈ గొంతులకు లొంగడు. "ఈ సంగతి మీకెట్లు తెలిసిన"దని యడుగును. ఈ ప్రశ్న నడుగగల పౌరులు లేనిచోట ప్రజాపరిపాలన పేరునకు మాత్రమే మిగులును. కావుననే గ్రంథవైవిధ్యము విలాసము గాదని, పౌరధర్మమని మేము వక్కాణించుచున్నాము.

యాత్రాగ్రంథములనగా పరదేశీయులు వ్రాసినవే యని యెవ్వరును తలపకుందురు గాక. చెన్నపట్టణపు సుప్రీముకోర్టులో దుబాసీగా నుండిన ఏనుగుల వీరాస్వామయ్యగారు 1830 మే 18న బయలుదేరి, హైదరాబాదు, నాగపురము, ప్రయాగల మీదుగా కాశికి చేరి, గయ, కలకత్తా, జగన్నాథములు దర్శించి, 1831 సెప్టెంబరు 3న ఇల్లు చేరిరి. వారి "కాశీయాత్ర చరిత్ర" 1838లో అచ్చయినది. మన దేశమున ప్రయాణీకుల రైలుబండి 1853లో గాని నడువలేదు. అంతకు ముందరి బాటలు, మజిలీలు, నీటివసతి, అంగళ్లు, ఆచారములు దినచర్యగా నెరుగగోరువానికి ఈ గ్రంథము నిధి. వారి చూపునకును హద్దులు కలవు. కుంఫిణీ కొలువున నున్న యగ్రవర్ణపు గృహస్థుడు పల్లకిలోనుండి చూచిన దేశమది. పల్లకి మోసినవారు ఆ దారినే నడిచిరి గాని వారు గ్రంథము వ్రాయలేదు. ఆ కొరత తీరవలెనన్న చదువరి ఉన్నవ లక్ష్మీనారాయణగారి "మాలపల్లి" వంటి నవలకును, దరిశి చెంచయ్యగారి "నేనూ నా దేశం" వంటి స్వీయచరిత్రకును రావలెను. ఒక పుస్తకము వేరొక పుస్తకమునకు దారి చూపుట యిట్లే.

మన పెద్దలు ఈ మర్మము నెరిగియే పనిచేసిరి. 1906లో హైదరాబాదున స్థాపితమైన విజ్ఞానచంద్రికా గ్రంథమండలిని నడపిన కొమర్రాజు లక్ష్మణరావుగారు ఒకే తెగ గ్రంథములతో తృప్తిపడలేదు. మండలి మొదటి ప్రచురణము గాడిచర్ల హరిసర్వోత్తమరావుగారు వ్రాసిన అబ్రహాము లింకను చరిత్ర. పిమ్మట చిలుకూరి వీరభద్రరావుగారి "ఆంధ్రుల చరిత్రము" వచ్చినది, ప్రకృతిశాస్త్రములు వచ్చినవి, చారిత్రక నవలలును వచ్చినవి. బానిసత్వమును తొలగించిన పరదేశపు నాయకుని కథను మొదట తెలుగువాని చేతిలో పెట్టుట యాకస్మికము కాదని మా నమ్మకము. ఆ గ్రంథకర్తయే 1908లో రాజద్రోహ నేరముపై చెరసాల కేగెను. తెలంగాణమున వట్టికోట ఆళ్వారుస్వామిగారు 1938లో దేశోద్ధారక గ్రంథమాలను నెలకొల్పి, నిజాము పాలనలో తెలుగు పుస్తకమునకు చోటు కల్పించిరి. తామును "ప్రజల మనిషి" యను నవల వ్రాసిరి. 1914లో బెజవాడ మహాసభతో సంఘటితమైన గ్రంథాలయోద్యమము 1935 నాటికి కృష్ణాకాలువపై పడవలో పుస్తకములు త్రిప్పునంత వరకు వచ్చినది. పుస్తకము పాఠకుని రేవునకు పోయిన దినము లవి.

నేటి స్థితి యేమి? రెండు రాష్ట్రములలోను 1960 నాటి చట్టమునుబట్టి ఇంటిపన్నుతోపాటు గ్రంథాలయ సెస్సు వసూలగుచున్నది. అనగా ప్రతి గృహస్థుడును గ్రంథాలయమునకు చందాదారుడే. అయినను అనేక గ్రంథాలయములలో బల్లల నిండ పోటీపరీక్షల పుస్తకములే కనబడుచున్నవి. ఆ యువకులను నిందింప మాకు నోరు రాదు. ఉద్యోగము లేనివాడు ఉద్యోగపు మెట్టు వెదకుకొనుట తప్పు కాదు. చల్లని నీడయు, నిశ్శబ్దమును గ్రంథాలయముగాక వాని కెవ్వ రిత్తురు? కాని ప్రశ్నకు నాలుగు జవాబులిచ్చి యొకదానిని గుర్తింపుమను చదువు మాత్రమే చదివినవాడు, నాలుగును తప్పు కావచ్చునని తలచుట మరచును. లోకము వేయు ప్రశ్నలకు తరచుగా నాలుగును తప్పే యగును.

ఇన్ని తెగల గ్రంథములు చదువ తీరిక యేదని కొందరడుగుదురు. పది పుస్తకములు పైపైన చదువుటకంటె నొకటి లోతుగ చదువుట మేలని మరికొంద రందురు. ఈ రెండవ మాటలో సత్యము కలదు. కాని లోతునకును వైవిధ్యమునకును వైరము లేదు. రుద్రమదేవి యను నొక్క విషయమునే మూడు తెగల గ్రంథములలో చదువుట లోతు కాదా? బావి త్రవ్వువాడు సయితము వెడల్పు లేక లోతునకు పోజాలడు. తీరిక మాటకు వచ్చిన, సంవత్సరమునకు ఆరు పుస్తకములు చదువువానిని మేము అరువదింటిని చదువుమనుట లేదు. ఆ యారింటిలో నవల యొకటి, యాత్ర యొకటి, చరిత్ర యొకటి, స్వీయచరిత్ర యొకటి, శాస్త్ర మొకటి యుండవలెననియు, ఆరవది తన యభిప్రాయమునకు విరుద్ధముగా వ్రాసినవానిదై యుండవలెననియు మాత్రమే కోరుచున్నాము. ఈ యారవది చదువుట కష్టము, కావుననే ముఖ్యము.

జిల్లా గ్రంథాలయ సంస్థలకును, గ్రంథపాలకులకును మా విన్నప మొకటి. నవల లొక బీరువాలో, చరిత్ర లొక బీరువాలో, యాత్ర లొక బీరువాలో నుంచుట లెక్కకు సులభమే. దానిని మార్పవలదు. ప్రవేశద్వారముకడ చిన్న బల్ల యొకటి వేసి, నెల కొక విషయము చొప్పున ఆయా తెగల పుస్తకము లొకచోట పేర్చుడు. కాకతీయుల నెలలో నవల, శాసనముల సంపుటము, యాత్రికుని గ్రంథము ప్రక్కప్రక్కన నుండవలెను. హైదరాబాదు విమోచనముపై నొక నెల, గోదావరిపై నొక నెల, వలసపోయిన తెలుగువారిపై నొక నెల. దీనికి క్రొత్త చట్టము వలదు, క్రొత్త పన్ను వలదు. ఒక బల్లయు, గ్రంథపాలకుని శ్రద్ధయు చాలును. పరీక్షకు చదువవచ్చిన యువకుడు వెళ్లుచు వెళ్లుచు నందొకటి చేత పట్టినచో ఆ బల్ల ఖర్చు తీరినట్లే.

పాఠకులారా, ఇంటింట పుస్తకముల యలమార లేకపోవచ్చును. అనేక గ్రామములలో గ్రంథాలయ మున్నది, దానికి మీరు పన్ను చెల్లించుచున్నారు. ఈ వారమే పోయి అడుగుడు. మీకు నచ్చిన తెగ పుస్తకము నొకటి తీసికొనుడు. దాని ప్రక్కన మీ రెన్నడును ముట్టని తెగ పుస్తకము మరియొకటి తీసికొనుడు. రెండును ఒకే విషయమును గూర్చి యేమని చెప్పుచున్నవో పోల్చిచూడుడు. అవి విభేదించిన తావున మీ బుద్ధి మేల్కొనును. స్వాతంత్ర్యము వచ్చి దశాబ్దములు గడచినను, ఆ మేల్కొనిన బుద్ధియే నేటికిని దేశమునకు కావలసియున్నది.