మన వంటగది: కోతపండుగ గుమ్మడికాయ



కోతకాలపు పండుగ వేలంలో కొత్త బియ్యానికి, అరటి గెలకు, కోడిపుంజుకు పోటీ ఉంటుంది. గుమ్మడికాయ వంతు వచ్చేసరికి అందరూ పక్కకు చూస్తారు. నిరుడు అలా మిగిలిన కాయను మేము తీసుకున్నాము. దానిని తమ పాకమీద కాయించి మోసుకొచ్చిన మామ్మగారు అక్కడే కూర్చుని ఉన్నారు మరి! పులుసు పెడితే పిల్లలు ముట్టరు గనుక ఆపిల్ కలిపి కారపు టార్ట్ చేశాము. అడుగుపిండి కాలక ముద్దయిపోయింది. పచ్చి గుమ్మడి ముక్కలు పోసిన తప్పు మాదే. ఈ ఏడు ఇలా చేయగా కుదిరింది.

పావుకిలో మైదాలో చిటికెడు ఉప్పు, 125 గ్రాముల చల్లని వెన్న వేసి వేళ్ళ కొసలతో రవ్వలా నలపాలి. అరచేయి తగిలితే వెన్న కరిగిపోతుంది. 4 పెద్ద చెంచాల చన్నీళ్ళతో ముద్దచేసి, అరగంట ఫ్రిజ్‌లో ఉంచి, వత్తి, 9 అంగుళాల పళ్ళెంలో పరవాలి. పైన బటర్ పేపర్ వేసి, పిండి ఉబ్బకుండా ఎండు శనగలు నింపి, 200 డిగ్రీల వేడిలో 15 నిమిషాలు, అవి తీసి మరో 5 నిమిషాలు కాల్చాలి. ఆ శనగలు మళ్ళీ ఇదే పనికి దాచుకోవచ్చు.

అరకిలో మంచిగుమ్మడి ముక్కలకు నూనె, ఉప్పు పట్టించి ముందే ఓవెన్‌లో విడిగా మగ్గనిస్తే నీరు ఇగిరిపోతుంది. మేము నిరుడు చేయనిది ఇదే. వేయించిన ఉల్లిపాయ, పుల్లని ఆపిల్ పలుచని ముక్కలు వాటితో కలిపి పరచి, 2 గ్రుడ్లు, టీకప్పు పాలు, మిరియాలపొడి గిలక్కొట్టి పోసి, చీజ్ తురిమి చల్లి, 180 డిగ్రీలలో 35 నిమిషాలు ఉంచాలి.

మామ్మగారికి ఒక ముక్క పంపాము. పులుసే మేలన్నారట. గిన్నె మాత్రం ఖాళీగా తిరిగివచ్చింది.