కప్పు గెలిచినా క్లబ్ మిగల్లేదు



మన హాస్టళ్లలో ఫుట్‌బాల్ అంటే గోల్ కొట్టినోడి పేరే వినిపిస్తది. రష్యా కింది డివిజన్లలో ఆడే డిఫెండర్ల సంగతి ఎవరికీ పట్టదు. ఖబరోవ్‌స్క్ టీమ్ మాస్కోలో మ్యాచ్ ఆడాలంటే విమానంలో దాదాపు 8 గంటలు పోవాలి. రెండు ఊళ్ల గడియారాలకు 7 గంటల తేడా.

కింది డివిజన్ల నుంచి పైకొచ్చిన తోస్నో క్లబ్ 2018 మేలో రష్యన్ కప్ గెలిచింది. జూన్‌లో డబ్బుల్లేక మూతపడింది. ఆటగాళ్లు మళ్లీ బ్యాగు సర్దుకోవాల్సి వచ్చింది. ఇట్ల క్లబ్బులు మారుతూ పదేళ్లు ఆడినోణ్ని "పైకి రాలేదు" అని తీసిపారేస్తే మేం ఒప్పుకోం.

మా ఇళ్లల్లో కాలేజీ గడప తొక్కింది మేమే మొదలు. ఊరికి పోతే "కలెక్టర్ ఎప్పుడైతవ్?" అంటారు. అందరం కాలేం. దొరికిన పనిలో గట్టిగా నిలబడితే అదీ గెలుపే అంటున్నాం. మీరేమంటారు?