బుట్టెడు చాలు

వేసవి చివర్లో నాలుగు వానలు పడ్డాయంటే చెక్ దేశంలో జనం అడవి దారి పడతారు. చేతిలో అల్లిక బుట్ట, జేబులో చిన్న చాకు. వెతుకులాటంతా పుట్టగొడుగుల కోసమే. డాక్టరైనా, డ్రైవరైనా, తాతయ్యలైనా, బడిపిల్లలైనా ఆ రోజు అందరిదీ ఒకటే పని. చెట్టు మొదట్లో నాచు మధ్య నుంచి గోధుమరంగు గొడుగు తొంగిచూస్తే సంబరమే. దాన్ని మెల్లగా తిప్పి తీస్తారు, లేదా కాడ అడుగున కోస్తారు. ఆ గుంతను మళ్లీ నాచుతో కప్పేస్తారు. ప్లాస్టిక్ సంచిలో వేస్తే చెమర్చి పాడవుతాయని బుట్టే మేలంటారు. ఎక్కడ దొరికాయో మాత్రం పక్కింటివాళ్లకైనా చెప్పరు!

తిన్నన్ని తిని, మిగిలినవి పల్చగా తరిగి ఎండబెడతారు. క్రిస్మస్ ముందురోజు బార్లీ, వెల్లుల్లి కలిపి వండే ‘కూబా’లోకి అవే రుచి. ప్రాణం తీసే రకాలూ ఆ అడవుల్లోనే ఉంటాయి. అందుకే ‘తెలియనిది ముట్టుకోకు’ అన్నది పిల్లలకు పెద్దలు చెప్పే తొలిపాఠం.

ఈ సరదాకు చట్టం అండ ఉంది. ఆ దేశంలో మూడోవంతు అడవే. కొన్ని రక్షిత ప్రాంతాలను మినహాయిస్తే, అడవి ప్రైవేటు ఆసామిదైనా సరే ఎవరైనా లోపలికి వెళ్లొచ్చు, సొంత అవసరానికి అడవి పండ్లు, పుట్టగొడుగులు ఏరుకోవచ్చు అంటుంది 1995 నాటి అటవీ చట్టం. దారి తప్పకుండా చూసే బాధ్యత 1888లో పుట్టిన చెక్ పర్యాటకుల క్లబ్బుది. మరుసటి ఏడే తొలి కాలిబాటకు గుర్తులు వేసింది. ఇప్పుడా బాటలు 40 వేల కిలోమీటర్లు దాటాయి. చెట్ల మీద రెండు తెల్లచారల నడుమ ఒక రంగుచార కనిపిస్తే బాట అదేనన్నమాట. వాటికి ఎప్పటికప్పుడు రంగులద్దేది స్వచ్ఛంద కార్యకర్తలే. ఆ బాటల్లో ముక్కూమొహం తెలియనివారు కూడా ఎదురైతే ‘దోబ్రీ దెన్’ అని పలకరించుకుంటారు.

టికెట్టు లేకుండా ఇంటిల్లిపాదీ గడపగలిగే సెలవురోజు ఏ ఊరికైనా భాగ్యమే. అది దక్కాలంటే తలుపు తెరిచే చట్టమూ, దారి చూపే మనుషులూ కావాలి. బుట్ట నిండగానే ఇంటిముఖం పట్టే బుద్ధి ఉంటేనే ఆ భాగ్యం మనవల దాకా నిలుస్తుంది.